ప్రమాణచిత్రములందు సంగీతము: ద్యోతకత్వవిచారము

ఆంగ్లమున డాక్యుమెంటరీ యనఁబడు చిత్రజాతికిఁ దెలుఁగున నింకను నిలుకడగల పేరు కుదురలేదు. వార్తాచిత్ర మనువారు కొందఱు. వార్త నిన్న జరిగినదానికి నేఁడు చేయు నివేదనము. సంవత్సరములతరబడి యొక విషయమును వెంబడించి తీయు చిత్రమున కా పేరు చాలదు. లఘుచిత్ర మనువారు మఱికొందఱు. అందుఁ బరిమాణము చెప్పఁబడినది కాని స్వరూపము చెప్పఁబడలేదు; మూఁడుగంటలు నడచునవియు నీ జాతిలోఁ గలవు. 1926లో జాన్ గ్రియర్సన్ అను విమర్శకుఁడు ఫ్లాహర్టీ తీసిన 'మోఆనా' చిత్రమును సమీక్షించుచు నీ విశేషణమును వాడెను. పిదప నది పారిభాషికపద మయినది. దానికి మూలమయిన లాటిను ధాతువునకు బోధించుట యర్థము. నిదర్శన మను నర్థము దానినుండి పుట్టినది. కచేరీలలో మనవారు దస్తావేజు అని వ్యవహరించునది యిదియే. కాఁబట్టి యీ వ్యాసమునఁ బ్రమాణచిత్ర మను పేరు గ్రహింపఁబడుచున్నది.

ప్రమాణ మని యొప్పుకొన్నతోడనే యొక ప్రశ్న పుట్టును. కంటికిఁ గనఁబడునది ప్రత్యక్షము. సాక్షి నోటినుండి వినఁబడునది శబ్దము. ఈ రెంటికిని బ్రమాణత్వము సిద్ధము. మఱి తెరవెనుక మ్రోఁగు వయొలీనుకు నా కోవలోఁ జో టెక్కడ? కఱవుచే నూరు విడిచి పోవు కుటుంబమును జూపునప్పు డా బాటలో వాద్యబృంద మేదియు నడచుట లేదు. అచ్చట లేనిదానిని వినిపించుట యచ్చట నున్నదానిని నిరూపించుట కెట్లు తోడ్పడును? వినోదార్థము తీసిన కల్పితచిత్రముల కీ ప్రశ్న లేదు. సంఘమునందలి కష్టమును సత్యముగాఁ జూపుదు మని ప్రతిజ్ఞ చేసి తీసిన చిత్రములకు మాత్ర మిది తప్పదు.

దీనికి సామాన్యముగా నిచ్చు సమాధానము రసము. చూచువాని హృదయము కరఁగవలెను. కరఁగినఁగాని సంఘమునఁ గదలిక పుట్టదు. కరఁగించుటకు సంగీతముకంటె మిన్న లేదు అందురు. ఈ సమాధానము వినుట కింపుగా నున్నను శాస్త్రదృష్టికి నిలువదు. లోకమునఁ గలుగు శోకము వేఱు, కావ్యమున నాస్వాదింపఁబడు కరుణము వేఱు. భట్టనాయకుఁడు సాధారణీకరణ మని పేర్కొనఁగా నభినవగుప్తుఁడు పరిష్కరించిన మార్గమున, సీత ఫలానివాని కూఁతురు, ఫలానివాని భార్య యను విశేషము తొలఁగి సహృదయునకు శోకము సాధారణముగా గోచరించును. విశేషము తొలఁగుటచేతనే దుఃఖ మాస్వాద్య మగును. ప్రమాణచిత్రమున నీ తొలఁగింపే దోషము. అందుఁ గనఁబడు తల్లి యొక యూర, నొక యేఁట, నొక కారణముచే బిడ్డను బోఁగొట్టుకొన్న తల్లి. ఆ యూరు, ఆ యేఁడు, ఆ కారణము అనునవియే ప్రమాణము. ఆమె ముఖముపై నొక దీర్ఘమయిన తంత్రీనాదమును బఱపినచో నామె లోకమునందలి తల్లుల కెల్లఁ బ్రతినిధి యగును. చూచువాఁడు కన్నీరు తుడుచుకొని తృప్తుఁడై లేచును. తృప్తి రసమునకు ఫలము. ఎవరిచే జరిగినది, ఏల జరిగినది యను జిజ్ఞాస ప్రమాణమునకు ఫలము. ఒకటి పండినచో రెండవది యెండుచున్నది.

మనదేశమునఁ దీయఁబడు చిత్రములలో దైన్యము చూపవలసి వచ్చినతోడనే శుభపంతువరాళి వినఁబడుట పరిపాటి. పేరున శుభ మున్నను నశుభమున కెల్ల నదియే దిక్కయినది. యోగముకంటె రూఢి బలవత్తర మనుటకు విద్యార్థులకు వేఱుదాహరణము చూప నక్కఱలేదు. రాగమున దోష మేమియు లేదు; దానిని జీటివలె నతికించువారి సోమరితనమున దోషము గలదు. పాశ్చాత్యదేశములందు ముందుగానే కూర్చి సిద్ధపఱచిన సంగీతఖండములను శోకము, ఆశ, ఉద్వేగము అని భావముల పేర విభజించి యమ్ము భాండారములు వెలసి బహుకాల మయినది. పర్యాయపదనిఘంటువును ముందిడుకొని పద్యము కట్టువాని కవిత్వ మెట్టిదో, యా ఖండములతోఁ గూర్చిన చిత్రసంగీత మట్టిది. క్రొత్తగాఁ గూర్పించుకొను చిత్రములందును నొక చిక్కు గలదు. చిత్రము కత్తిరించునప్పుడు లయకొఱకై యెక్కడిదో యొక సంగీతమును దాత్కాలికముగా జోడింతురు. నెలలతరబడి దానిని వినివిని దర్శకుని చెవి కదియే ప్రకృతి యగును. పిమ్మట వచ్చిన సంగీతకర్తను దానివంటిదానినే చేయుమని కోరుదురు. అట్లు పుట్టినది సంగీతముగాక దాని ఛాయ మాత్ర మగును.

నాటకమునకు సంగీతము కూర్చు విషయమున మన పూర్వులు సూక్ష్మముగా విచారించిరి. భరతముని ధ్రువాధ్యాయమునఁ బ్రావేశికి, నైష్క్రామికి, ఆక్షేపికి, ప్రాసాదికి, అంతర యని ధ్రువ లైదు విధము లని చెప్పెను. పాత్రలు వచ్చునప్పుడు, పోవునప్పుడు, రసము మాఱునప్పుడు పాడవలసిన పాట లివి. ఆ ముని యచ్చటనే యొక నిషేధమును జేసెను. పాడుచు వచ్చు పాత్రకును, ఏడ్చుచు వచ్చు పాత్రకును, తొందరతో వార్తఁ గొనివచ్చు పాత్రకును, విపత్తుచేఁ గలఁతనొంది వచ్చు పాత్రకును బ్రవేశధ్రువ కూడదు. కల్పితమయిన నాటకముననే యేడ్చువాని రాకకుఁ బాట వల దనఁగా, నిజముగా నేడ్చుచున్నవాని కేమి చెప్పవలెను? పండితులు ధ్రువలక్షణమును వల్లించుచు నీ నిషేధమును దాఁటిపోవుదురు. నేఁటి కిదియే ముఖ్యము. అంతర యను ధ్రువకుఁ బ్రయోజనము ఛిద్రప్రచ్ఛాదనము. నటుఁడు తొట్రుపడినను, వస్త్రాభరణములు జాఱినను నా లోపము కనఁబడకుండఁ బాటతోఁ గప్పుదురు. నాటకమున నది చాతుర్యము. ప్రమాణచిత్రమున సాక్ష్యము చాలనిచోట వాద్యముల హోరుతోఁ గప్పుట వంచనము. చిత్రాంతమున నేదో యొక పరిష్కారమును జూపి, దాని ఫలము నింకను ఋజువు చేయకమునుపే తంత్రీవాద్యము లన్నియుఁ బై స్థాయి కెక్కి యాశను బ్రకటించుట యీ జాతి చిత్రములందుఁ దఱచుగాఁ గనఁబడు వంచనము. చిత్రము చెప్పని మాటను సంగీతము చెప్పినది. అడిగినచో, చెప్పితి మని యొప్పుకొనువారు లేరు.

అట్లయిన సంగీతమును బూర్తిగా బహిష్కరింపవలెనా? అట్లు చేసినవారు గలరు. 1935లో నింగ్లాండున వెలువడిన 'హౌసింగ్ ప్రాబ్లమ్స్' చిత్రమున మురికివాడల నివాసులు తమ యిండ్లలో నిలిచి తమ మాటలతోనే చెప్పుకొందురు. సంగీతము వారి జోలికిఁ బోదు. ఇది యొక నిర్దుష్టమయిన మార్గమే. కాని సంగీతమునకుఁ గల శక్తి నెఱిఁగి, దానిని హద్దులో నుంచి వాడిన మార్గమును గలదు. దానిని దెలిసికొనుటకు వ్యాకరణమున నుపసర్గవిచారము మిక్కిలి తోడ్పడును.

ఉపసర్గలకు స్వతంత్రముగా నర్థము గలదా లేదా యని నిరుక్తకాలమునుండి వివాదము. నామాఖ్యాతములనుండి విడఁదీసినచో వాని కర్థము లేదని శాకటాయనుఁడు, నానావిధములగు నర్థములు గల వని గార్గ్యుఁడు. తరువాతి వైయాకరణులు ద్యోతకపక్షమును నిలిపిరి. దీపము వస్తువును బుట్టింపదు, ఉన్నదానిని జూపును. అట్లే యుపసర్గము ధాతువున దాఁగియున్న యర్థమును వెలికిఁ దెచ్చును. ప్రమాణచిత్రమున దృశ్యము ధాతువు. సంగీత ముపసర్గము. అది ద్యోతకముగా నున్నంతవఱకు సాధువు. వాచకముగా మాఱి దృశ్యమున లేని యర్థమును దానే పలుకఁబూనినచో నసాధువు. ఉపసర్గము ధాత్వర్థమును గొన్నియెడల ననువర్తించును, కొన్నియెడల విశేషించును, కొన్నియెడల బాధించును. ఇందనువర్తనమును గూర్చి చెప్పవలసిన దల్పము. వాన కురియుచుండ వానచప్పుడువంటి వాద్యము, పరుగునకు వేగమయిన తాళము: ఇది పునరుక్తి. బాలసంగీతకర్తల కది యభ్యాసము కావచ్చును. అనువర్తనమే యయ్యు ధన్యమయిన దొకటి గలదు. బ్రిటిషు తపాలాశాఖ చిత్రవిభాగము 1936లో వెలువరించిన 'నైట్ మెయిల్'లో బెంజమిన్ బ్రిటెన్ వాద్యముల సరసనే గరుకుకాగితపు రాపిడివంటి ధ్వనులను జేర్చి పొగబండి నడకను గట్టెను. దానిపై ఆడెన్ కవి పద్యము నడచును. అచ్చట సంగీతము పనియొక్క శబ్దమునుండియే పుట్టినది కాఁబట్టి పరాయిది కాలేదు.

విశేషించుట కుత్తమోదాహరణము 1936లో నమెరికాలో పేర్ లోరెంట్జ్ తీసిన 'ద ప్లౌ దట్ బ్రోక్ ద ప్లెయిన్స్'. మైదానములను విఱిచిన నాఁగలి యని పేరున కర్థము. ప్రభుత్వపు పునరావాసశాఖ దీనిని దీయించెను. గడ్డినేలలను మితిలేక దున్నుటచే మన్ను దుమ్మై లేచిపోయి, సేద్యగాండ్రు కొంపగోడు విడిచి పడమటికి వలసపోయిన వృత్తాంతము వస్తువు. సంగీతకర్త వర్జిల్ థామ్సన్. పసులకాపరులు పాడుకొను వరుసలను, దేవాలయములలోఁ బాడు స్తోత్రముల వరుసలను నీతఁ డెత్తి వాడెను. ఆ వరుసలు చిత్రమునఁ గనఁబడు జనుల సొత్తు. అద్దెకుఁ దెచ్చినవి కావు. ప్రపంచయుద్ధకాలమున గోధుమకు గిరాకి పెరిగిన ఘట్టమున ట్రాక్టరులు బారులుతీఱి పొలమున నడచుచుండును. వానినడుమ యుద్ధశకటములు చూపఁబడును. సంగీతము సైనికుల నడకకుఁ దగినది. హృ ధాతువున కాఙ్ చేరిన నాహారము, ప్ర చేరినఁ బ్రహారము. పొలము దున్నుట యను నాహారక్రియ యచ్చటఁ బ్రహారక్రియగా మాఱుట చెవికిఁ దెలియును. నేలపై యుద్ధము జరుగుచున్న దని వ్యాఖ్యాత చెప్ప నక్కఱలేకపోయినది. ఈ యర్థము సంగీతము కల్పించినది కాదు. దున్నినవిధమున నది యున్నది, సంగీతము చూపినది. పిదప ధరలు ప్రాఁకి వర్తకులు విఱ్ఱవీఁగిన ఘట్టమున జాజ్ వాద్యము చెలరేఁగును. అంగడిధరలను నచ్చువేయు యంత్రము క్రిందఁబడి పగులుటతో నా గర్వ మణఁగును. లోరెంట్జ్ సంగీతమునకు లోఁబడి చిత్రమును మరలఁ గత్తిరించె నని ప్రసిద్ధి. దర్శకులలో నట్టి వినయ మరుదు. ఈ సంగీతమే విడిగాఁ గచేరీలలోఁ బ్రదర్శింపఁబడుచున్నది. క్రియను విడిచి వేఱుగా నిలిచినప్పు డనుప్రభృతులకుఁ గర్మప్రవచనీయ మని పాణిని వేఱు సంజ్ఞ చేసెను; కచేరీలో వినఁబడు దాని నట్టి వేఱుసంజ్ఞతోనే మన్నింపవలెను. అచ్చట మెచ్చఁబడుట చిత్రమునఁ దగియుండుటకుఁ బ్రమాణము కాదు.

బాధనము కష్టతమము. స్థా ధాతువునకు నిలుచుట యర్థము. ప్ర చేరఁగానే ప్రస్థానమై బయలుదేఱుట యగును. ఇది యెట్లు పొసఁగు నని భాష్యకారులు సయితము విచారించిరి. 1955లో నాలెన్ రెనే యను ఫ్రెంచి దర్శకుఁడు హిట్లరుకాలపు నిర్బంధశిబిరములను గూర్చి ముప్పదిరెండు నిమిషముల చిత్రమును దీసెను. రాత్రియుఁ బొగమంచును అని దాని పేరున కర్థము. వ్యాఖ్యానము వ్రాసిన ఝాఁ కైరోల్ తా నట్టి శిబిరమున బందీగా నుండి బ్రతికి వచ్చినవాఁడు. సంగీతము కూర్చిన హాన్స్ ఐస్లర్ జర్మనీనుండి తరుమఁబడి పరదేశముల నుండినవాఁడు. ఇతఁ డడోర్నో యను తత్త్వవేత్తతోఁ గలసి చలనచిత్రసంగీతముపై వ్రాసిన గ్రంథము 1947లో వెలువడెను. దృశ్యమును సంగీతము నీడవలె వెంటాడుట దాస్య మని యా గ్రంథమునందలి వాదము. ఈ చిత్రమున నాతఁడు దానిని జేసి చూపెను. దృశ్యము ఘోర మయినకొలఁది సంగీతము సున్నితము, పలుచన యగుచుండును. శవములు రాసులుగాఁ గనఁబడుచోట వాద్యబృందము విరుచుకొనిపడదు. ఒకటిరెండు వాద్యములు మెల్లఁగాఁ బలుకును. ఈ కిటుకును దా నైస్లరువలన నేర్చితి నని రెనే చెప్పుకొనెను.

దీనివలని ఫల మేమి? దృశ్యమునకు సరితూఁగు ఘోరసంగీతము మ్రోఁగియుండినచోఁ జూచువాఁడు భయానకరసమునఁ దేలియుండును. సున్నితమయిన నాద మాతని కా యాశ్రయ మీయదు. ఏమి యనుభవింపవలెనో సంగీతము చెప్ప నిరాకరించుటచే నాతఁడు తన కన్నులతోఁ దానే చూడవలసి వచ్చును. ధాత్వర్థమును బాధించినట్లు కనఁబడుచునే యుపసర్గము దానిని మఱింత స్ఫుట మొనర్చినది. అయినను నిది యెల్లరకు ననుకరింపఁదగినది కాదు. అంతకు ఇరువదియేండ్లకుముందు స్పెయినుదేశపు లాస్ హుర్దెస్ ప్రాంతమునందలి ఘోరదారిద్ర్యముపై బూన్యుయేల్ 1933లో తీసిన చిత్రమునకు బ్రామ్స్ రచించిన నాల్గవ సింఫనీ జోడింపఁబడినది. అస్థిపంజరములవంటి జనులపై మహారాజవైభవముగల సంగీతము! అది యుద్దేశించి చేసిన బాధన మనియు, చూచువాని దయాగర్వమును వెక్కిరించుటయే దాని ప్రయోజన మనియు రసజ్ఞు లందురు. ఒప్పుకొనవచ్చును. కాని వెక్కిరింత చూచువానిపైఁ బడుచున్నదా, యా యభాగ్యులపైఁ బడుచున్నదా యని సందేహము కలుగుట వదలదు. ఐస్లరు విషయమున నట్టి సందేహము పుట్టదు.

మన దేశమున 1948లో బొంబాయియందు స్థాపింపఁబడి 2022లో జాతీయ చలనచిత్రాభివృద్ధిసంస్థలో విలీనమయిన ఫిల్మ్స్ డివిజన్ చిత్రములను సినిమాశాలలలో నసలు చిత్రమునకు ముందు జూచినవా రసంఖ్యాకులు. చాలకాల మవి తప్పక ప్రదర్శింపవలసిన నియమముండెను. మద్రాసున 1925లో జన్మించి, రవిశంకరునొద్ద శిష్యుఁడై వేణువాదనమున వాసికెక్కిన విజయరాఘవరావు చిరకాల మా సంస్థలో సంగీతము కూర్చెను. మృణాల్ సేన్ తీసిన 'భువన్ షోమ్' (1969) కథాచిత్రమునకును సంగీత మీతనిదే. అతఁడు 2011లో మరణించెను. ఈ సంస్థ చిత్రములం దొక విశేషము గమనింపఁదగినది. వ్యాఖ్యానము తెలుఁగు, తమిళము, వంగము మొదలగు పెక్కుభాషలలోనికి మార్పఁబడుచుండెను; సంగీతము మాత్ర మొక్కటియే. దర్శించు జనులు మాఱినను, పలుకు మాఱినను మాఱనిది కాఁబట్టి దానిపై భార మధికము. ఏ ప్రాంతపు వరుసను వాడినను దక్కిన ప్రాంతముల కది పరాయి దగును. ఆ చిత్రములందు మురళి, సితారు, తబలాలతో నల్లిన తేలికయగు సంగీతము తఱచుగా వినఁబడుటకు రుచి యొక్కటే కాక యీ నిర్బంధమును గారణ మని యూహింపవచ్చును. పెద్ద యానకట్టను జూపినను జిన్న పాఠశాలను జూపినను నొకే సంతోషము పలుకు దుర్గుణమును దానినుండియే పుట్టినది.

సంగీతమునకుఁ బ్రమాణత్వము లేదని మొదటఁ జెప్పఁబడినదానికి ముఖ్యమయిన యపవాద మొకటి గలదు. జను లెదుటఁ బాడునది ప్రత్యక్షమే. అచ్చట సంగీత ముపసర్గము కాదు, ధాతువే. బార్బరా కాపుల్ తీసిన 'హార్లన్ కౌంటీ, యు. ఎస్. ఏ.' (1976) కెంటకీరాష్ట్రమున 1973లో నారంభమయిన బొగ్గుగని కార్మికుల సమ్మెను జూపును. 1931లో నదే ప్రాంతపు సమ్మెకాలమునఁ దాను కట్టిన పాటను ఫ్లోరెన్స్ రీస్ వృద్ధురాలై వచ్చి కార్మికుల సభలో వాద్యముల తోడు లేకయే పాడును. గొంతు వణఁకును, శ్రుతి నిలువదు. ఆ వణఁకు నలువదియేండ్ల చరిత్రకు సాక్ష్యము. నేర్పరియగు సంగీతకర్త దానిక్రింద నొక శ్రుతివాద్యమును జేర్చి సరిదిద్దినచో దస్తావేజును దిద్దిన నేరమే యగును.

ఆనంద్ పట్వర్ధన్ పదునాలుగేండ్లు తీసి 2011లో ముగించిన 'జై భీమ్ కామ్రేడ్' ఈ విషయమున నింకను దూరము పోయినది. 1997 జూలై 11వ తేదీన బొంబాయి ఘాట్కోపరునందలి రమాబాయి కాలనీలో నంబేడ్కరు విగ్రహమునకు జరిగిన యవమానముపై దళితులు నిరసన తెలుపఁగాఁ బోలీసులు కాల్పులు జరిపిరి, పదిమంది మరణించిరి. కొలఁదిదినములకే విలాస్ ఘోగ్రే యను ప్రజాకవి, గాయకుఁడు, తలకు నీలివస్త్రము చుట్టుకొని యురివేసికొనెను. చిత్ర మాతని మరణమునుండి బయలుదేఱి, మహారాష్ట్రమున దళితగాయకుల పాటలవెంట నడచును. పాటయే విచారణ, పాటయే వాఙ్మూలము. సంగీతకర్తకుఁ బ్రత్యేకముగాఁ బని లేదు. ఏ పాట నెంతసేపు వినిపించి, యెక్కడ విడువవలె నను నిర్ణయమే కూర్పు. అన్యభాషీయులకుఁ బాట యర్థము తెర క్రింద నక్షరములలోఁ గనఁబడును. చదువుచున్నవాఁడు వినుట కొంత తగ్గును. ఈ లోపమునకు మందు లేదు.

ఇదే దర్శకుఁడు 1985లో బొంబాయి మురికివాడల కూల్చివేతపై తీసిన 'బంబయీ హమారా శహర్' చిత్రమున విలాస్ ఘోగ్రే పాడెను. నాఁ డది యిండ్లు పోయినవారి పాట. ఇరువదియాఱేండ్ల పిమ్మట నదే గొంతు, అదే ముఖము రెండవ చిత్రమున మరలఁ గనఁబడును. స్వరము మాఱలేదు, తాళము మాఱలేదు, క్రొత్తవాద్యము చేరలేదు. పాడినవాఁడు లేఁడని యెఱిఁగిన చూపరులు మాత్ర మా పాటను వేఱుగా విందురు.